కాపీ తీసుకోమంటది చట్టం, ఆడనియ్యదు పెట్టె

పెనుగొలనులో ఎవరింట్లోనన్నా పాత ప్లేస్టేషన్ 2 ఉందనుకోండి. డిస్కు మీద లోతుగా గీత పడితే ఆట పోయినట్టే. ఆ పెట్టెల తయారీ 2013 నాటికే ఆపేశారు. మరి ముందే ఓ కాపీ తీసి దాచుకుంటే తప్పా? కాదు. కొన్న ప్రోగ్రామ్ పాడైతే పనికొచ్చేలా బ్యాకప్ తీసుకోవచ్చని 1957 కాపీరైట్ చట్టం 52వ సెక్షనే చెప్తోంది. అమ్ముకోటానికి కాదు సుమా!

తిరకాసంతా తాళం దగ్గరే. కంపెనీ డిస్కులోని గుర్తు మనం రాసిన డిస్కులో ఉండదు, పెట్టె ఒప్పుకోదు. చిప్పో, మరో కిటుకో కావాలి. హక్కులు కొల్లగొట్టే ఉద్దేశంతో తాళం తీస్తే రెండేళ్ల దాకా జైలని 2012లో తెచ్చిన 65ఏ సెక్షన్ అంటది. చట్టం కాదనని పనికి అడ్డులేదనీ అంటది గానీ, బ్యాకప్ ఊసే ఎత్తదు. ఆ ఒక్కమాట రాయటానికి ఢిల్లీకేం నొప్పి? 2009లో హైదరాబాదోళ్లు చేసిన ‘హనుమాన్: బాయ్ వారియర్’ కూడా ఈ పెట్టె ఆటే.