మన్రో దొర మంచితనం కాదు, మన్రో లెక్క చూడండి

రాజంపేట నుంచి పత్తికొండ దాకా ఎవరిని కదిలించినా థామస్ మన్రో ధర్మప్రభువే. గండి దగ్గర పాపాఘ్ని మీద బంగారు తోరణం ఆయనకే కనిపించిందంటారు. మంత్రాలయంలో రాఘవేంద్రస్వామి ఆయనతోనే మాట్లాడాడంటారు. బిడ్డలకు మన్రోలప్ప అని పేరు పెట్టుకున్న సీమ ఇది. రైతుకు పట్టా ఇచ్చి, శిస్తు తగ్గించి, కరువు నేలను కాపాడాడన్నది ఇప్పటికీ చెల్లుతున్న మాట. ఈ మాటను నేను ఒప్పుకోను.

మన్రో మొదట సిపాయి. 1780లో ఈస్టిండియా కంపెనీ సైన్యంలో చేరడానికి మద్రాసులో దిగి, హైదరలీ మీద, తర్వాత టిప్పు మీద యుద్ధాల్లో పనిచేశాడు. బారామహల్‌లో, కెనరాలో శిస్తు పని నేర్చుకుని, నిజాం 1800లో ఈ సీమను, అంటే దత్తమండలాలను, కంపెనీకి వదిలేశాక ఇక్కడికి ప్రధాన కలెక్టరుగా వచ్చాడు. భూమిశిస్తు, సాయరు సుంకాలు, అన్నీ ఆయన చేతికిందే. వచ్చీ రాగానే చేసిన పని, జనరల్ క్యాంప్‌బెల్ ఫౌజు అండతో పాళెగాళ్లను అణచడం. ఎనభై మంది దాకా ఉన్న పాళెగాళ్ల బలం కొద్ది ఏళ్లలోనే విరిగింది. చిట్వేలి మట్లివారి ఏలుబడీ ఆ కాలంలోనే ముగిసింది. ఆ కాఠిన్యాన్ని లండన్‌లోని కంపెనీ డైరెక్టర్లే తప్పుపట్టారు.

ఇక శిస్తు సంగతి. మన్రో ఉన్న ఏడేళ్లలో దత్తమండలాల భూమిశిస్తు దాదాపు సగం పెరిగింది. నడుమ 1803 కరువు వచ్చినా ఇంత పెరిగింది. పంటలో నూటికి నలభై అయిదు వంతులు సర్కారుకు పోయే లెక్క అది. ఒక రైతు కట్టలేకపోతే ఆ నష్టాన్ని నూటికి పది వరకు ఊళ్లోని మిగతా రైతుల మీద వేసే ఏర్పాటు కూడా ఉండేది. చెయ్యేరు నది ఊటకాలువల మీద, బావుల మీద బతికే రైతుకు ఇది ఎలా ఉండి ఉంటుందో ఎవరూ చెప్పనక్కరలేదు. పక్కవాడు ఊరొదిలి పోతే వాడి బాకీ వీడి కళ్లంలోకి వచ్చేది.

శిస్తు తగ్గించమన్నది ఆయనే కదా అంటారు. నిజమే, నేను ఆయన్ను గౌరవించేది అక్కడే. 1807 ఆగస్టు 15 నాటి నివేదికలో అన్ని భూముల మీదా నూటికి పాతిక వంతులు, బావులూ చెరువుల కింద సాగయ్యే భూములకు మరో ఎనిమిది వంతులు తగ్గించమని రాశాడు. తాను విధించిన శిస్తు రైతు మోయలేనిదని తానే ఒప్పుకున్నట్టే కదా! కంపెనీ వినలేదు. ప్రతి రైతు నుంచీ నేరుగా శిస్తు తీసుకునే రైతువారీ పద్ధతినే పక్కనపెట్టి, ఊళ్లను మూడేళ్లకు, ఆపైన పదేళ్లకు గుత్తకిచ్చింది. ఆ తగ్గింపు దక్కింది 1820లో, మన్రో గవర్నరై వచ్చాక. నడుమ పన్నెండేళ్లకు పైగా నలిగిపోయిన రైతుల పేర్లు ఏ కథలోనూ లేవు. ఆ శిస్తు కోసం గొలుసు పట్టి పొలాలు కొలిచిన మనవాళ్లకూ, ఆ లెక్కలు రాసిన కరణాలకూ ఏ తోరణమూ కనిపించలేదు.

దొర దయతోనే మన పొలాలు నిలిచాయని నమ్మితే, ఆ శిస్తు కట్టింది ఎవరన్న ప్రశ్నే పుట్టదు. మన్రోను తిట్టమని నేను అనడం లేదు. 1827 జులై 6న పత్తికొండలో కలరాతో ఈ నేల మీదే పోయిన మనిషి, పనిమంతుడు. అయినా ఆయన కంపెనీ కొలువులోని అధికారి. సీమ బడుల్లో పంతుళ్లు బంగారు తోరణం కథ చెప్పండి, తప్పులేదు. దాంతోపాటే 1807 నివేదికలోని అంకెలను కూడా నల్లబల్ల మీద రాయండి.