కుడి ఎడమైన శంఖం

శంఖంలో పోస్తేగానీ తీర్థం కాదంటారు. మరి ఆ శంఖం ఎక్కడి నుంచి వస్తుందో ఎప్పుడైనా ఆలోచించారా?

హిందూపురం, పెనుకొండ, ధర్మవరం... వీటిలో ఏ ఊరి నుంచి ఏ దిక్కుకు బయల్దేరినా సముద్రం రెండువందల యాభై కిలోమీటర్లకు పైనే! అయినా శ్రావణ శనివారం దాసప్ప జేగంట మోగిస్తూ వాకిట్లో నిలబడి శంఖం ఊదాడంటే, చేటలో బియ్యం తీసుకుని బయటికి రావాల్సిందే.

ఆ శంఖం ఓ సముద్రపు నత్త కట్టుకున్న ఇల్లు. వానాకాలం పెరట్లో పాకే నత్తకీ, దేవుడి గదిలోని శంఖానికీ చుట్టరికం ఉందంటే కొందరికి నచ్చదుగానీ, రెండూ మొలస్కా వర్గంలోని ఉదరపాదులే. పూజల్లో వాడే శంఖానికి శాస్త్రవేత్తలు పెట్టిన పేరు టర్బినెల్లా పైరమ్. లాటిన్‌లో టర్బినెల్లా అంటే బుల్లి బొంగరం, పైరమ్ అంటే బేరిపండు. ఆ బేరిపండు పేరు 1767లో లిన్నేయస్ పెట్టింది. పాంచజన్యానికి ఇదేం పేరని విసుక్కోకండి, ఆకారం చూస్తే సరిగ్గానే కుదిరింది.

మన్నార్ సింధుశాఖలో, పాక్ అఖాతంలో, శ్రీలంక తీరంలో ఇవి ఇసుకలో సగం కూరుకుపోయి బతుకుతాయి. తూత్తుకుడి ఈతగాళ్లు మునిగి ఏరుకొస్తారు. ప్రాణంతో ఉన్నప్పుడు పైన గోధుమరంగు పొర ఉంటుంది. మనం చూసే పాలతెలుపు దాన్ని గీకేశాక వచ్చేదే. అన్నట్టు, ఇది మాంసాహారి! సముద్రపు పురుగుల్ని తింటుంది. ఆడ శంఖం పొట్టేలు కొమ్ములా మెలితిరిగిన తిత్తిలో గుడ్లు పెడుతుంది. లోపల వరసగా గదులు. పిల్లలు అందులోంచి బుల్లి శంఖాలుగానే బయటికొస్తాయి. చాలా సముద్రపు నత్తల పిల్లల్లా నీళ్లలో తేలుతూ దూరాలకు వెళ్లే దశ వీటికి లేదు. కాబట్టి ఒకచోట పెద్దవాటిని ఊడ్చేస్తే అక్కడ మళ్లీ నిండడం కష్టం.

ఇక అసలు గొడవంతా దక్షిణావర్త శంఖంతోనే. తీర్థం జారే సన్నటి మూతి పైకి, చుట్లున్న కొస కిందికి, నోరు మనవైపు ఉండేలా పట్టుకుంటే మామూలు శంఖానికి నోరు ఎడమ పక్కన ఉంటుంది. ఎప్పుడో ఒకదానికి కుడిపక్కన ఉంటుంది. అదే దక్షిణావర్తం. శాస్త్రవేత్తలు చుట్లున్న కొసను పైకి పెట్టి చూస్తారు. అందుకే వాళ్ల లెక్కలో అది ఎడమచేతి వాటం. వస్తువు ఒకటే, పట్టుకోవడంలోనే తేడా.

అంత అరుదైనది అంగళ్లలో, ఇంటర్నెట్‌లో డజన్లకొద్దీ ఎలా దొరుకుతోంది? ఎందుకంటే అలా అమ్మే వాటిలో చాలావాటి జాతే వేరు. అమెరికా తూర్పు తీరంలో, మెక్సికో సింధుశాఖలో లైట్నింగ్ వెల్క్ అనే నత్త ఉంది. దానికి ఎడమచేతి వాటమే సహజం. లక్ష్మీదేవి ఇంటికొస్తుందని చెప్పి దాన్నే వేలకు వేలు అంటగడుతున్నారు. ధర్మవరంలో చీర కొనేటప్పుడు జరీ అసలుదా కాదా అని సవాలక్ష ప్రశ్నలు వేసే మనం, శంఖం దగ్గర మాత్రం చేతులు జోడించి డబ్బు ఇచ్చేస్తాం!

పరీక్ష చాలా తేలిక. నోట్లోకి వేలుపెట్టి నడిమి స్తంభాన్ని తడమండి. మన శంఖానికి అక్కడ మూడు నాలుగు గట్లు తగులుతాయి. అమెరికా దానికి నున్నగా ఉంటుంది. చెవి దగ్గర పెట్టుకుంటే ఓంకారం వినిపిస్తుందనే మాట మాత్రం నమ్మకండి. చుట్టూ ఉన్న చప్పుడే లోపల మార్మోగుతుంది. ఖాళీ గ్లాసు పెట్టుకున్నా అంతే.

ఇంతకీ ఆ లైట్నింగ్ వెల్క్‌కి వాళ్ల దేశంలోనూ గౌరవం ఉందండోయ్. 1987లో టెక్సాస్ దాన్ని రాష్ట్ర అధికారిక గవ్వగా ప్రకటించింది. అక్కడ ఒడ్డుకు కొట్టుకొచ్చినవాటిని పిల్లలు ఏరుకుంటారు, ఊరికే.