భేతాళుని ఆహారము

భేతాళుడు శవములో నివసించునని అందరెరుగుదురు. అతడు తినునదేమి? చూడగా, విక్రమార్కుని ఆలోచనయే. కథ చెప్పి చిక్కుప్రశ్న వేయును. తెలిసియు చెప్పనిచో రాజు తల పగులును. చెప్పినచో మౌనభంగమై, శవముతో కూడ మరల చెట్టెక్కును.

11వ శతాబ్దిలో సోమదేవుడు కథాసరిత్సాగరమున చేర్చిన భేతాళ కథలు 25. 1947లో పుట్టిన చందమామ వానితో తృప్తిపడక క్రొత్తవి అల్లించి దశాబ్దములపాటు నడిపినది. చదువు బాలుడు రాజు జవాబు చూచుటకు ముందు ఒక్క క్షణమాగి తన జవాబు తాను వెదకుకొనెడివాడు. ఆ క్షణమే భేతాళుని కబళము.

నేడు దిల్‌సుఖ్‌నగర్ మొదలు వనస్థలిపురము దాక ఎటు చూచినను కోచింగు సెంటర్ల బోర్డులే. అచ్చట ప్రశ్నతోపాటే నాలుగు జవాబులను అచ్చువేసి యిత్తురు. ఒకదానికి గుర్తు పెట్టిన చాలును. పోటీపరీక్షకు అది తప్పదు, సరే. తెలుగు తరగతికేల? గైడులోని జవాబును బోర్డుపై వ్రాయించు ఉపాధ్యాయుడు పిల్లలకు శ్రమ తప్పించితిననుకొనును; తప్పించినది శ్రమను కాదు, ఆ క్షణమును. వారమున కొక గంట, మార్కులు లేని ప్రశ్న ఒకటి వేసి, గడియారము చూడక ఊరకుండుట ఏ బడికిని భారము కాదు. తప్పు జవాబులే రానిండు. చెట్టు ఎచ్చటికిని పోదు.