ధన్యులెవరు?

ఆదివారం ఆరాధనలో దీనులు ధన్యులని విని తలలూపుతాం. ఇంటికి రాగానే కాఫీ చల్లారిందని పనిమనిషిమీద విరుచుకుపడతాం! కొండమీది ప్రసంగం కొండమీదే ఉండిపోతుంది.

లోకం దృష్టిలో డబ్బూ, పలుకుబడీ ఉన్నవారు ధన్యులు. క్రీస్తు లెక్క వేరు. దీనులు, దుఃఖించేవారు, సాత్వికులు, కనికరం గలవారు, సమాధానపరచేవారు ధన్యులన్నాడు. ప్రతి మాట వెంటా ఒక వాగ్దానముంది. ఫలం కంటబడకముందే దానిని నమ్మి నడవడమే విశ్వాసం.

ఇది సాధ్యమా అంటారా? డాక్టరు మేరీ గ్లౌరీని తలుచుకోండి. ఆస్ట్రేలియాలో 1910లో వైద్యపట్టా పుచ్చుకున్నారు. మెల్‌బోర్న్‌లో ప్రాక్టీసు వదులుకుని 1920లో గుంటూరు వచ్చి, సన్యాసినులలో చేరి, పేద తల్లులకూ బిడ్డలకూ వైద్యం చేశారు. 1957లో బెంగుళూరులో కన్నుమూశారు. 1943లో ఆమె ప్రారంభించిన కాథలిక్ ఆసుపత్రుల సంఘం నేటికీ పనిచేస్తున్నది.

మనం అంత దూరం వెళ్లనక్కరలేదు. తోడికోడలితో మాట పట్టింపు వస్తే ముందుగా మనమే పలకరించడం సమాధానపరచడం. పనిమనిషి జ్వరంతో రాలేకపోతే జీతం కోయకపోవడం కనికరం. అన్నిటికన్న కష్టమైనది దీనత్వమే.

ఆ మధ్య కలం పోగొట్టాడని మా అబ్బాయిని కొట్టాను. తీరా అది నా చేతిసంచిలోనే దొరికింది. “తప్పు నాదిరా” అనడానికి నాకు రెండురోజులు పట్టింది. వాడు నవ్వి నా మెడ కౌగిలించుకోవడానికి క్షణం పట్టలేదు.

ఆ రోజు మా ఇంట్లో ధన్యులెవరో వేరే చెప్పాలా?