తుఫాన్లకి కారణం కలికాలం కాదు

పెద్ద తుఫాను వచ్చినప్పుడల్లా "బ్రహ్మంగారు ఎప్పుడో చెప్పారు" అంటారు మనవాళ్ళు. ఏ తేదీన, ఏ తీరాన, ఎంత వేగంతో వస్తుందో చెప్పారా? అంతా అయిపోయాక గుర్తుకొచ్చే జోస్యం ఎవరి ప్రాణమైనా కాపాడిందా?

1977 నవంబర్ 19న దివిసీమ ఉప్పెనలో 10 వేల మందికి పైగా చనిపోయారు. 1999 ఒడిశా తుఫానులోనూ సుమారు 10 వేల మంది పోయారు. 2013లో ఫైలిన్ తుఫాను అదే ఒడిశాని తాకినప్పుడు మాత్రం మృతుల సంఖ్య పదుల్లోనే ఆగింది. ఈలోగా దేవుడి కోపం తగ్గిందా? లేదు. వాతావరణ శాఖ అంచనాలు మెరుగయ్యాయి, తుఫాను షెల్టర్లు కట్టారు, లక్షల మందిని ముందే తరలించారు.

బొగ్గు, పెట్రోలు కాల్చి భూమిని వేడెక్కించింది మనుషులే. సముద్రం వేడెక్కితే తుఫానుకి బలం పెరుగుతుంది. గాలిలో తేమ పెరిగితే వాన కుండపోతగా కురుస్తుంది. ఎండలూ ముదురుతాయి. 2015 వడగాడ్పులకి ఆంధ్ర, తెలంగాణల్లో సుమారు 2 వేల మంది చనిపోయారు. ఎండలో పని మానితే పూట గడవని కూలీలు వాళ్ళలో ఎందరో ఉన్నారు. అదంతా వాళ్ళ తలరాత అనేస్తే, పని వేళలు ఎందుకు మార్చలేదని, నీడా నీళ్ళూ ఎందుకు ఏర్పాటు చెయ్యలేదని ప్రభుత్వాన్ని అడిగేవాడే ఉండడు. ఈ నమ్మకం వల్ల జరిగే అసలు నష్టం ఇదే.