ముందు లిమిట్, తర్వాత లెక్క

బ్యాంకు క్రెడిట్ విభాగంలోకి కొత్తగా వచ్చిన ఆఫీసర్లకు క్లాసు తీసుకునేటప్పుడు వాళ్ల చేతికి రెండు బ్యాలెన్స్ షీట్లు ఇస్తాను. ఒకటి గుంటూరు మిర్చి వ్యాపారి నమూనా, రెండోది మిర్యాలగూడ రైస్ మిల్లుది. రెండూ మార్చి 31 నాటి లెక్కలే. ఎవరికి అప్పు ఇస్తారని అడిగితే కాసేపట్లోనే కాలిక్యులేటర్లు తీర్పు చెప్పేస్తాయి. మిల్లు కరెంట్ రేషియో 1.6, మిర్చి వ్యాపారిది 1.2. టాండన్ కమిటీ కాలం నుంచీ 1.33 అనే అంకె మా బ్యాంకర్ల బుర్రల్లో మేకులా దిగి కూర్చుంది. అందుకే క్లాసు మొత్తం మిల్లుకే ఓటేస్తుంది.

గుంటూరు యార్డుకు కొత్త మిర్చి ఎప్పుడొస్తుందో చెప్పండి అంటాను అప్పుడు. జనవరిలో మొదలై ఏప్రిల్ దాకా టిక్కీలు దిగుతూనే ఉంటాయి. అంటే మార్చి 31న ఆ వ్యాపారి సరుకంతా కోల్డ్ స్టోరేజీలో ఉంటుంది, కమీషన్ కొట్లకు కట్టాల్సిన బాకీ కూడా నిండుగా ఉంటుంది. సరుకు, రావలసినవి కలిపి 120 లక్షలు, ఇవ్వాల్సినవి 100 లక్షలు. నిష్పత్తి 1.2. అదే మనిషిని అక్టోబరులో చూడండి. చాలా సరుకు అమ్ముడై, బాకీలు తీరి, ఇటు 50, అటు 30 మిగులుతుంది. నిష్పత్తి 1.67కి ఎగబాకుతుంది. పెట్టిన సొంత డబ్బు మాత్రం రెండుసార్లూ ఆ 20 లక్షలే. ఇక మిల్లు సంగతి. మార్చి ఆఖరుకు వానాకాలం ధాన్యం చాలావరకు ఆడించేసి ఉంటారు, యాసంగి పంట ఇంకా దిగదు. ఏడాది మొత్తంలో ఆ ఖాతాలు తేలిగ్గా కనిపించే రోజు అదే. పంట ఎప్పుడొస్తుందో తెలియని ఆఫీసరు ఈ రెండు కాగితాలను పక్కపక్కన పెట్టి పోల్చడంలో అర్థం లేదు. మన శిక్షణలో నిష్పత్తులు కట్టడం వారం పాటు చెబుతారు. ఈ ముక్క చెప్పరు.

నన్ను ఇంకా ఇబ్బంది పెట్టేది వచ్చే ఏడాది అంచనాలు, మా భాషలో సీఎంఏ డేటా. నాయక్ కమిటీ పద్ధతిలో 5 కోట్ల వరకు వర్కింగ్ క్యాపిటల్ లిమిట్ అడిగే చిన్న పరిశ్రమకు అంచనా అమ్మకాల్లో కనీసం 20 శాతం ఇవ్వాలి. మంచి నియమమే. చిన్నవాళ్లకు లిమిట్లు వచ్చేలా చేసింది. కానీ ఊళ్లో జరిగేది వేరు. పార్టీకి కోటి రూపాయల లిమిట్ కావాలి. నిరుడు అమ్మకాలు మూడున్నర కోట్లు. ఆడిటర్ గారి ఆఫీసులో కుర్రాడు కోటిని అయిదుతో గుణించి, వచ్చే ఏటి అమ్మకాలు అయిదు కోట్లని కొట్టేస్తాడు. మిగతా అంకెలన్నీ దాని చుట్టూ సర్దుకుంటాయి. అందుకే ముందు అడిగిన లిమిట్ చూడండి, దాన్ని అయిదుతో గుణించండి, తర్వాతే అమ్మకాల పేజీ తెరవండి అని చెబుతాను. రెండూ రూపాయి తేడా లేకుండా కలిశాయంటే ఆ కాగితం కింది నుంచి పైకి రాసిందే. దీన్ని నేను మోసం అనను. మన ఫారం అడిగింది కాబట్టి వాళ్లు నింపారు. అయితే మూడున్నర నుంచి అయిదుకు ఎలా వెళ్తావు, కొత్త మిషన్ కొన్నావా, రెండో షిఫ్టు పెట్టావా అని ఎవరో ఒకరు అడగాలి కదా. అడిగితే, "అవన్నీ ఆడిటర్ గారు చూసుకుంటారు మేడమ్" అంటారు. నిజం చెప్పాలంటే అదే నాకు పనికొచ్చే జవాబు.

నిజం వెతకాలంటే చోట్లున్నాయి. టాక్స్ ఆడిట్ రిపోర్టు 3సీడీ ఫారంలో 35వ అంశం దగ్గర సరుకు పరిమాణాలు ఉంటాయి: ఎంత కొన్నారు, ఎంత ఆడించారు, ఎంత వచ్చింది. ఎఫ్‌సీఐ లెక్కన వంద క్వింటాళ్ల ధాన్యానికి రా రైస్ 67 క్వింటాళ్లు, ఉప్పుడు బియ్యం 68. ఓ మిల్లు 58 చూపిస్తే మిగతా బియ్యం ఎటు పోయాయి? 75 చూపిస్తే ఎక్కడి నుంచి వచ్చాయి? పక్కన కరెంటు బిల్లులు పెట్టుకుంటే కథ ఇంకాస్త తేటపడుతుంది. ఈ పేజీ దాకా వెళ్లే ఆఫీసర్లు తక్కువ, ఎందుకంటే సాఫ్ట్‌వేర్‌లో దానికి గడి లేదు.

ఆడిటర్ సంతకం ఉంది కదా అనేవాళ్లకు హైదరాబాదులో కూర్చుని వేరే ఉదాహరణ చెప్పనక్కర్లేదు. 2009 జనవరి 7న సత్యం కంప్యూటర్స్ అధిపతి తన ఉత్తరంలో లేవని ఒప్పుకున్నది ప్రధానంగా ఏ పాత యంత్రాలో, రాని బాకీలో కాదు. 5,040 కోట్ల నగదు, బ్యాంకు నిల్వలు. సరిచూడటానికి అన్నిటికన్నా తేలికైన పద్దు అది. ఇప్పుడు ఆడిటర్ల సంతకానికి అక్షరాలు, అంకెలు కలిపి 18 ఉండే యూడీఐఎన్ వచ్చింది. సంతకం అసలుదో కాదో అది చెబుతుంది, పైనున్న అంకెల సంగతి చెప్పదు.

2024 జులై బడ్జెట్‌లో చిన్న పరిశ్రమల అంచనాకు ప్రభుత్వ బ్యాంకులు సొంత సామర్థ్యం పెంచుకోవాలన్నారు. జీఎస్టీ, ఖాతా లావాదేవీల వంటి డిజిటల్ ఆనవాళ్లతో స్కోరు వేసే పద్ధతి మొదలైంది. దానికి నేను అడ్డం చెప్పను. కిరాణా కొట్టు విషయంలో వండి తెచ్చిన బ్యాలెన్స్ షీట్ కన్నా యూపీఐ జమలే నయం. నా పేచీ వరస దగ్గర. స్కోరు ముందు కనిపిస్తే, ఆఫీసరు లెక్కలు చదివేది దాన్ని సమర్థించడానికే. కాస్త పెద్ద రుణాల్లోనైనా, ఈ ఏడు డబ్బు ఎక్కడి నుంచి వచ్చింది, ఎందులో ఇరుక్కుంది అన్నది ఆఫీసరు సొంత మాటల్లో ఒక పేజీ రాసి అప్‌లోడ్ చేశాకే స్కోరు తెరుచుకునేలా పెట్టాలి. లాభం 12 లక్షలున్నా చేతిలో పైసా ఎందుకు లేదో ఆ పేజీ రాస్తేగానీ బోధపడదు.

ఇంకొకటి. మూడేళ్లకోసారి బదిలీలతో, అప్పు మంజూరు చేసినవాడికి అది చివరికి ఏమైందో తెలియదు. మొండిబాకీగా మారిన ఖాతాల ఫైళ్లను పేర్లు కొట్టేసి శిక్షణ కేంద్రాలకు పంపమని ఎప్పటి నుంచో అడుగుతున్నాను. మంజూరు నాటి కాగితాలే చాలు, ఏం దాటవేశామో పిల్లలు వాళ్లంతట వాళ్లే పట్టుకుంటారు. ఆ ఫైళ్లు విజిలెన్స్ దగ్గరో లాయరు దగ్గరో ఉన్నాయని జవాబొస్తుంది. వాళ్లిద్దరి ఆఫీసుల్లోనూ జిరాక్స్ మిషన్ ఉంటుంది.