గోడ అవతలి వాళ్లు - గోడ ఇవతలి మనం



వార్షికోత్సవ సంచిక అనగానే అందరం క్రమశిక్షణ గురించీ, చదువు విలువ గురించీ రాస్తాం. అవీ కావలసినవే. కానీ ఇక్కడ ఉన్న ప్రతి ఒక్కరికీ రోజూ ఎదురయ్యే ఒక సంగతి గురించి ఎవరూ రాయడం లేదు. అదే మన ఇరుగు పొరుగు.

మన హాస్టలుకు వెనక గోడను ఆనుకుని ఒక పెంకుటిల్లు, తూర్పున రెండంతస్తుల డాబా, ఎదురుగా టీ కొట్టు ఉన్నాయి. క్రికెట్ బంతి డాబా వాళ్ల దొడ్లో పడితే తిరిగి రాదు. ఎప్పుడైనా వచ్చినా రెండు ముక్కలై వస్తుంది. తెల్లవారుజామున ఐదింటికి బోరు దగ్గర బకెట్లు మోగితే పై కిటికీలోంచి తిట్లు మొదలవుతాయి. ఆ తిట్లలో మొదటి మాట బకెట్ల గురించి ఉంటుంది. రెండో మాట మన కులం గురించి ఉంటుంది. మేము ఈ వ్యాసంలో చెప్పదలచుకున్నదంతా ఆ రెండు మాటల మధ్య ఉన్న తేడా గురించే.

కిందటేడు వానాకాలంలో వీధిలో కొందరు సంతకాలు సేకరించి అధికారులకు అర్జీ ఇచ్చారు. హాస్టలును ఊరవతలకు మార్చాలని అందులో కోరారు. ఆ రాత్రి స్టడీ అవర్‌లో ఎవరూ పుస్తకం తెరవలేదు. కొందరు "కిటికీ అద్దాలు పగలగొడదాం" అన్నారు. ఇంకొందరు "మనమెవరితో పెట్టుకోగలం? పరీక్షలైతే వెళ్లిపోయేవాళ్లమేగా, తల వంచుకుని ఉందాం" అన్నారు. రెండూ తప్పేనని మాకు అనిపించింది. రాయి విసిరితే అర్జీలో రాసినదంతా నిజమైపోతుంది. తల వంచితే అది మన తర్వాత వచ్చే తమ్ముళ్ల మెడల మీద పడుతుంది. హాస్టలు ఊరవతలకు పోతే పొద్దున్నే అంత దూరం నడిచి బడికి ఎందరు పోతారు? ఎందరు మధ్యలో మానేస్తారు? ఊరవతలి నుంచి ఊళ్లోకి రావడానికి మన తాతలకు ఎన్ని తరాలు పట్టిందో మనకు తెలియనిది కాదు.

వార్డెన్ సారును అడిగి అర్జీ నకలు తెప్పించుకుని వరసగా చదివాం. అందులో ఐదు ఫిర్యాదులున్నాయి. ప్లేట్లు కడిగిన నీళ్లు వీధిలోకి పారుతున్నాయి. మిగిలిన అన్నం గోడ పక్కన పారేయడం వల్ల పందులు, కుక్కలు చేరుతున్నాయి. రాత్రి పదకొండు దాకా కేకలు, పాటలు. జామకాయలు కోసుకుపోతున్నారు. ఐదోది, "ఇలాంటి పిల్లల వల్ల మర్యాదస్తుల వీధి చెడిపోతోంది."

గుండె మీద చెయ్యి వేసుకుని చెప్పుకుందాం. మొదటి నాలుగూ నిజాలే. తన కంపు తనకింపు అన్నట్టు, మన మురుగు మనకు కనబడలేదు. కాబట్టి ముందు వాటి సంగతి చూశాం. సారు చొరవతో వంటగది వెనక ఇంకుడు గుంత తవ్వాం. మిగిలిన అన్నానికి మూత ఉన్న తొట్టి పెట్టాం. దాన్ని రోజూ గేదెలవాళ్లకు ఇచ్చే పని కమాటి అన్న తీసుకున్నాడు. రాత్రి పదయ్యాక పాటలు బంద్. శబ్ద కాలుష్య నిబంధనలు 2000 ప్రకారం రాత్రి 10 నుంచి పొద్దున 6 వరకు ఆరుబయట లౌడ్ స్పీకర్లు మోగించకూడదు. ఇళ్లున్న చోట రాత్రి 45 డెసిబెల్స్ మించరాదని కూడా అందులో ఉంది.

దీనికి కొందరు మిత్రులు మమ్మల్ని తప్పుపట్టారు. "పెద్దింటి పెళ్లిలో తెల్లవార్లూ మైకు మోగితే ఎవరూ అర్జీ పెట్టరు. మన గొంతులే వాళ్లకు వినబడతాయి. మనల్ని కించపరిచే వాళ్ల మాట మనమెందుకు వినాలి?" అన్నారు. ఆ మాటలో న్యాయం ఉంది. అయినా మా జవాబు ఇది. మురుగు శుభ్రం చేసుకున్నది వాళ్లకు భయపడి కాదు. నాలుగు నిజాలు ఉన్నంతకాలం ఐదో అబద్ధం వాటి వెనక దాక్కుంటుంది. ఆ నాలుగూ తీసేస్తే అది ఒంటరిగా నిలబడుతుంది. అప్పుడు అందరికీ అదేమిటో కనబడుతుంది.

కనబడింది కూడా. పెంకుటింటి అవ్వ దగ్గరకు జామకాయల విషయమై క్షమాపణ చెప్పడానికి వెళ్లాం. "కాయలు కోసినందుకు కాదు నాయనా, కొమ్మ విరిచినందుకు బాధ" అంది. అర్జీలో చివరి వాక్యం చదివి వినిపిస్తే ఆశ్చర్యపోయింది. నీళ్ల సంగతి రాస్తున్నామని చెప్పి వేలిముద్ర వేయించుకున్నారట. విచారణకు అధికారి వచ్చిన రోజు అవ్వ కర్ర పట్టుకుని గేటు దాకా వచ్చి, "హాస్టలు తీసెయ్యమని నేననలేదు. నీళ్లు ఆగాయి, అది చాలు" అంది. ఆమె తర్వాత మరికొందరు అదే మాట చెప్పారు. హాస్టలు ఇక్కడే ఉంది.

అందరూ మారిపోయారని మేము చెప్పడం లేదు. డాబా వాళ్లు ఇప్పటికీ మాట్లాడరు. బంతి ఇప్పటికీ రాదు. కొందరు పొరుగువాళ్లు మనం రాయిలా మౌనంగా ఉన్నా మనల్ని భరించలేరు. తమిళనాడులోని మదురై జిల్లా ఉత్తపురంలో 1989 గొడవల తర్వాత దళితుల వీధికి అడ్డంగా గోడ కట్టారు. 2008 మే నెలలో ప్రభుత్వ యంత్రాంగం కొంత భాగం కూల్చేదాకా అక్కడ దారి లేదు. ఆ గోడ ఎవరి బకెట్ల చప్పుడుకీ కట్టింది కాదు.

అలాంటి చోట సర్దుకుపొమ్మనడం సలహా కాదు. ఎదురుగా ఉన్న టీ కొట్లో మనకు వేరే గ్లాసులు పెట్టేవారు. అది ఇరుగు పొరుగు తగాదా కాదు, నేరం. రాజ్యాంగం 17వ అధికరణం అంటరానితనాన్ని రద్దు చేసింది. హోటల్లో అందరికీ ఉంచిన పాత్రలు వాడనివ్వకపోవడం 1955 నాటి పౌరహక్కుల పరిరక్షణ చట్టం కింద శిక్షార్హం. 1989 నాటి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టానికి 2015లో సవరణ చేశారు. 2016 జనవరి 26 నుంచి అమలైన ఆ సవరణతో సాంఘిక బహిష్కారం కూడా నేరాల్లో చేరింది. నెలాఖరున జరిగే పౌరహక్కుల దినం సభలో మేము గ్లాసుల విషయం లేచి చెప్పాం. చెప్పేటప్పుడు కాళ్లు వణికిన మాట నిజం. మరుసటి వారం నుంచి గ్లాసులు ఒకటే అయ్యాయి. ఆయన మనసు మారిందో లేదో మాకు తెలియదు. మనం అడిగింది ఆయన మనసు కాదు, గ్లాసు.

ఇక పెద్ద ఊళ్లలో స్థిరపడిన అన్నలకు ఒక మాట. గది కోసం తిరుగుతున్నప్పుడు "మీరేమిట్లు?" అనే ప్రశ్న మీలో ఎందరికో ఎదురై ఉంటుంది. 1917లో అమెరికా, లండన్‌లలో చదివి ఉద్యోగానికి బరోడా వెళ్లిన అంబేద్కర్‌కు కూడా ఉండటానికి చోటు దొరకలేదు. కులం దాచి పార్శీల సత్రంలో తలదాచుకుంటే, పదకొండో రోజున కర్రలతో వచ్చి ఖాళీ చేయించారు. ఆ మనిషే తర్వాత బొంబాయి దాదర్‌లో హిందూ కాలనీ నడుమ రాజగృహ కట్టుకుని, అందులో తన గ్రంథాలయం పెట్టుకున్నారు.

అన్నలారా! మీలో కొందరు ఇప్పటికే సొంత ఇళ్లు కట్టుకున్నారు. మిగతావారూ కట్టుకోవాలని మా కోరిక. ఆ ఇంటి పక్కన రేపు ఒక హాస్టలు వస్తుంది, లేదా మనకన్నా కిందివాళ్లని లోకం అనుకునే ఒక కుటుంబం అద్దెకు దిగుతుంది. వాళ్ల బకెట్లూ మోగుతాయి, వాళ్ల బంతీ మీ దొడ్లో పడుతుంది. చప్పుడు గురించి తప్పకుండా అడగండి, అది మీ హక్కు. రెండో మాట మాత్రం రానివ్వకండి. బంతిని మాత్రం ముక్కలు చేయకుండా గోడ మీదుగా విసిరేయండి.

- హాస్టల్ విద్యార్థులు